తాళాల రసీదు

పొద్దున్నే మరపడవలో దిగారు కొత్త ఆఫీసర్లు ఏడుగురు,
మెడల్లో పేరు బిళ్ళలు, చేతుల్లో గీతల పుస్తకాలు.
"అవ్వా, మొదటి అధ్యక్షుడి టైపిస్టువు నువ్వేనట.
ఆయన్నించి నేర్చుకోవలసిన నాయకత్వ లక్షణాలు
ఓ పది చెప్పు."
"పదా?" అన్నాను
ఎండబెట్టిన చేపలు తిరగేస్తూ.

మా తవునేరా దీవులకు జెండా వచ్చిన రోజు
తాడు కప్పీలో ఇరుక్కుంది.
బ్యాండు వాళ్ళు వాయించిందే వాయించారు మూడుసార్లు.
ఇయోటేబా బూట్లు విప్పి
కొబ్బరిచెట్టు ఎక్కినట్టు ఎక్కాడు జెండాకొయ్య.
ఇదంతా మీ పాఠంలో ఉంది, బొమ్మతో సహా.
పాఠంలో లేనిది:
సగం దాకా ఎక్కి, ఊపిరాడక దిగిపోయాడు.
మిగతా సగం ఎక్కింది ఎండుకొబ్బరి మూటలు మోసే కుర్రాడు,
తెబాకా.
సాయంత్రం ప్రసంగంలో ఆ పేరు చేర్చమని
నా మిషను పక్కన నిలబడి
అక్షరం అక్షరం చూసుకున్నాడు.

ఏడుగురూ రాసుకున్నారు: వినయం.

కొట్టెయ్యండి నాయనా.
ఆయనకు వినయం ఎక్కడిది?
తన పేరున్న వాక్యాన్ని రెండుసార్లు చదివించుకునేవాడు,
రెండోసారి కళ్ళు మూసుకుని.
కోపం సంగతి సరేసరి, ముక్కు మీదే దాని కాపురం.
మా అన్న బురెంగాను గిడ్డంగి కొలువులోంచి పీకేశాడు
రెండు బస్తాల బియ్యం లెక్క తేలలేదని.
తిన్నవి ఎలుకలు.
ఆ సంగతి బయటపడేసరికి ఆరు వారాలు.

మా దీవికి ఒక్కడే తెడ్డేసుకుంటూ వచ్చాడు,
నడుం దాకా తడిసి.
సభాశాలలో, తప్పు చేసినవాళ్ళు కూర్చునే
పడమటి స్తంభం దగ్గర
చాప వద్దని నేల మీద కూర్చున్నాడు.
"పొరబడ్డాను" అన్నాడు.
ఎందుకు పొరబడ్డాడో చెప్పలేదు, ఎవరి పేరూ ఎత్తలేదు.

మా అన్న మాత్రం క్షమించలేదు.
పోయేదాకా, అంగట్లో ఆయన నాణెం ఇచ్చినప్పుడల్లా
మొహం కిందికి పెట్టే ఇచ్చేవాడు.
తప్పు ఒప్పుకుంటే లెక్క సరిపోతుందని
మీకెవరు చెప్పారు?

ఎవరి కలమూ కదల్లేదు.

పడవెక్కితే నీళ్ళు తోడే చిప్ప ఆయన చేతిలో ఉండాల్సిందే.
చుక్కాని పట్టినవాడి పనిలో తలదూర్చేవాడు కాదు.
అబద్ధం, దూర్చేవాడు,
కేకలేసేవాడు కూడా.
కానీ చిప్ప వదిలేవాడు కాదు.

నలభైయొక్క ఓట్లతో ఓడిపోయాడు చివరికి.
ఆ రాత్రి బాగా తాగాడు.
తెల్లారి గడ్డం గీసుకుని వచ్చాడు, చెంప మీద రెండు కోతలతో.
"రాయి" అన్నాడు, "కొత్తాయన సంతకం పెట్టాలి."

తాళాలు, పదకొండు. ఒకటి దేనిదో తెలియదు.
మోటారు పడవ, ఒకటి. దగ్గుతుంది.
సిరా సీసా, సగం.
కుర్చీ, ఒకటి. ఎడమ కాలు కింద అట్టముక్క.
కొబ్బరి చిప్ప, పగిలింది.

గది మరీ మూగబోయింది.
నవ్విద్దామని అడక్కుండా ఇంకో వరస కొట్టాను:
దేశం, ఒకటి. వాడుకలో ఉంది.

చదివాడు. నవ్వలేదు.
"అది తీసెయ్యి.
నా దగ్గర ఎప్పుడుంది గనక, అప్పజెప్పడానికి?"

దాని మీద ఇంటూ గుర్తులు కొట్టాను వరసగా.
కార్బను ప్రతిలో గుర్తులు జారి
సగం అక్షరాలు ఇంకా కనిపిస్తాయి. ఇదిగో,
తడి చేతులతో ముట్టుకోకండి.

ఆటు మొదలైంది,
ఇక కదలకపోతే మీ పడవ ఇసుకలో కూర్చుంటుంది.
అందరూ దిగిపోయాక
చిన్నది, పేరు బిళ్ళ తిరగబడినది, వెనక్కి వచ్చింది.
"అవ్వా, ఆ పదకొండో తాళం దేనిదో
తెలిసిందా?"

తెలియలేదమ్మా.
దిగిపోయేటప్పుడు కొత్తాయన కూడా
అలాగే రాయించుకున్నాడు.